జీడిపప్పు రంగు మేలిముసుగు

అందరూ బాగున్నారా? పేరుపేరునా అడగాలనే ఉంది గాని, ఎవరినైనా మరిచిపోతే ఏమనుకుంటారోనని అదొక భయం. కవిటి వైపు వాళ్ళు నీళ్ళు కాచుకునే తాగుతున్నారా? కంచిలిలో జ్వరాలు తగ్గాయా, ఒకరి తరవాత ఒకరు పడుతూనే ఉన్నారా? డొంకూరు వాళ్ళు వేటకు వెళ్తే వెళ్ళారు, ఒడ్డుకు చేరగానే ఇంటికి ఒక ఫోను చేస్తున్నారా? మోకాళ్ళ నొప్పుల వాళ్ళు మెట్లు చూసుకుని దిగండి. షుగరు వాళ్ళకు నేను చెప్పేదేముంది, నేనూ ఆ జట్టులోదాన్నే. మా ఇంట్లో ఆయనకు దగ్గు తగ్గింది. నా బీపీ ఎప్పుడూ ఉన్నంతే ఉంది. పక్కింట్లో మాత్రం మనిషే లేకుండా పోయింది. మా తోటికోడలు, అంటే మా ఆయన అన్నగారి భార్య, పోయిన శుక్రవారం పలాస ఆసుపత్రిలో కన్నుమూసింది.

ఆ కబురు వచ్చేసరికి నేను వేరే మనిషి కోసం బెంగపడుతున్నాను. మా కొబ్బరికాయలు దింపే ఆయన ఆ పొద్దున్నే చెట్టెక్కాడు. రాత్రి కురిసిన మంచుకు మాను జారుతుందేమోనని నేను కింద నిలబడి, "నెమ్మదిగా బాబూ, నెమ్మదిగా" అంటూ ఉన్నాను. ఆయన పైనుంచి, "నువ్వలగ అనకమ్మా, నీ మాటలకే కాళ్ళు వణుకుతన్నాయి" అంటున్నాడు. అంతలో మా తోటికోడలి కొడుకు ఫోను చేసి, "పిన్నీ, అమ్మ ఎల్లిపోనాది" అన్నాడు. నేను ఆ చెట్టు వంకే చూస్తూ, "ఎక్కడికి బాబూ, ఒక్కత్తే ఎల్లిందా?" అని అడిగాను. వాడు ఏడుపు అందుకున్నాడు. అప్పుడు తెలిసింది.

నేను అందరి కోసం బెంగపడ్డాను గాని ఆవిడ కోసం ఎప్పుడూ పడలేదు. నా బెంగలన్నీ తీసుకువెళ్ళి పడేసేది ఆవిడ దగ్గరే, ఇంక ఆవిడ కోసం పడితే ఎక్కడ చెప్పుకోను? మా రెండిళ్ళకూ మధ్య నడుమెత్తు గోడ ఒకటే. ఈ పక్క నుంచి "అప్పా" అంటే ఆ పక్క నుంచి "ఏటే" అనేది. నేను ఏదో ఒకటి మొదలుపెట్టేదాన్ని. పాలాయన ఇంకా రాలేదు, దారిలో ఏమయిందో అనో, మబ్బు పట్టింది, తుపాను అవుతుందేమో అనో. ఆవిడ సాంతం వినేది కాదు. "ముందు కాళ్ళు కడుక్కుని రా. తరవాత బెంగెట్టుకుందువు గాని" అనేది. నేను కాళ్ళు కడుక్కుని వచ్చేసరికి బెంగలో సగం మరిచిపోయేదాన్ని. మిగతా సగానికి టీ ఇచ్చేది.

పెళ్ళయి వచ్చిన కొత్తలోనే పలాసలో జీడిపప్పు ఏరే పనికి చేరింది. పొట్టు తీసిన పప్పును బల్ల మీద పోసి, తెలుపును బట్టి, నిండుతనాన్ని బట్టి వేరుచేసే పని. నిండుగా ఉన్నది గుండు, రెండుగా విడిపోయింది బద్ద, మిగతాది ముక్క. పని మానేసినా ఏరే అలవాటు మాత్రం మానలేదు. కోడళ్ళనూ, వియ్యపురాళ్ళనూ, ఎన్నికల్లో ఓట్లడగడానికి వచ్చిన వాళ్ళనూ కూడా ఏరి పక్కన పెట్టేది. నన్ను బద్ద అనేది. "ఏటన్నా నేకపోయినా రెండయిపోతావే నువ్వు" అనేది. అది నా ఎదురుగానే అనేది, ఆ గుణం మాత్రం మెచ్చుకోవాలి. మా మనవరాలు ఒక్కతే ఆవిడ లెక్కలో గుండు.

ఆ మనవరాలి ముసుగు సంగతి చెప్పాలనే ఇదంతా రాస్తున్నాను. మా అబ్బాయి కూతురు. విశాఖపట్నంలో బ్యాంకులో పని. రెండేళ్ళ కిందట, పెళ్ళి కుదిరిన నెలలోనే దానికి టైఫాయిడు వచ్చింది. జ్వరం తగ్గింది, జుట్టు మాత్రం నిలవలేదు. దువ్విన కొద్దీ వచ్చేసేది. నడినెత్తిన పాపిడి పక్కన చర్మం కనిపించేటంత పలచబడిపోయింది. సవరం పెడదామంటే తగిలించడానికి జుట్టేది? ముహూర్తం సంగతి పరవాలేదు, పూలజడ కట్టేస్తారు, అందులో ఏది జుట్టో ఏది దారమో ఎవరికీ తెలియదు. భయమంతా సాయంత్రం రిసెప్షన్‌ది. దానికోసం జ్వరం రాకముందే అది తన జీతంతో ఒక లెహంగా కొనుక్కుంది. మీగడ రంగు, ఒళ్ళంతా సన్నటి జరీ పని. దాని మీదకు పూలజడ బాగోదట. ముసుగే వెయ్యాలట. డ్రెస్‌తో పాటు వచ్చిన ముసుగు చూస్తే దోమతెర. తల మీద వేసినా ఒకటే, వెయ్యకపోయినా ఒకటే.

ఆదివారం ఇంటికి వచ్చినప్పుడు అది మా ఇద్దరి మధ్యా గోడ మీద కూర్చుని చెప్పింది. "పెద్దమామ్మా, నాకు డ్రెస్‌కి నప్పే ముసుగు కావాలి. కానీ తల కనపడకూడదు. స్టేజీ ఎక్కిన వాళ్ళలో ఒక్కరు 'అయ్యో, జుట్టేమయింది' అన్నా నేను అక్కడే ఏడ్చేస్తాను." ఏడుస్తానని చెబుతూనే ఏడ్చింది. నేనూ ఏడ్చాను. మా తోటికోడలు ఏడవలేదు. "కాళ్ళు కడుక్కుని రండి ఇద్దరూ" అంది.

అప్పటికే ఆవిడకు కిడ్నీలు పాడయ్యాయి. మంగళవారం ఒకసారి, శుక్రవారం ఒకసారి పలాస వెళ్ళి రక్తం శుభ్రం చేయించుకునేది. నేను తోడు వెళ్ళేదాన్ని. మన ఉద్దానంలో ఆ దారి తెలియని ఇల్లు తక్కువ, దాని గురించి కొత్తగా ఏం రాస్తాను. మనవరాలు మళ్ళీ ఉద్యోగానికి వెళ్ళిపోయింది, వాళ్ళ అమ్మ శుభలేఖల్లో మునిగింది. ఎలాగూ పలాస తిరుగుతున్నారు కదా అని ముసుగు పని మాకు ఒప్పజెప్పారు.

డ్రెస్ చూస్తే టెక్కలిలో దర్జీ దగ్గర ఉంది. జ్వరానికి పిల్ల చిక్కిపోయింది కదా, పక్కల కుట్లు లోపలికి పట్టమని ఇచ్చాం. టెక్కలిలో నాలుగు కొట్లు చూశాం. ఉంటే ఎర్రవి, లేకపోతే దోమతెరలు. పలాసలో చూద్దామంటే మరి రంగు కలిపేదెలా? డ్రెస్ పట్టుకువెళ్దాం అంది ఆవిడ. బస్సులో గ్రీజు అంటుకుంటే, ఎవరి పిల్లాడో వాంతి చేసుకుంటే అని నేను పడనివ్వలేదు. లోపలి అంచులో చిన్న ముక్క కత్తిరించి ఇస్తానన్నాడు దర్జీ. పెళ్ళి బట్టకు పెళ్ళి కాకముందే కత్తెర పెడతారా అని అదీ పడనివ్వలేదు. పోనీ ఫోనులో ఫోటో తీస్తానన్నాడు. దానికి ఆవిడే ఒప్పుకోలేదు. "ఫోన్లో మా సెల్లి కూడా తెల్లగా కనపడతాది. దాన్నేటి నమ్మడం?" అంది.

అని, సంచిలోంచి జీడిపప్పు పొట్లం తీసింది. దర్జీకి ఇవ్వడానికి తెచ్చిందే. బల్ల మీద డ్రెస్ పరిచి, దాని మీద పప్పు పోసి, కిటికీ రెక్క పూర్తిగా తెరవమంది. ఒక్కొక్క గుండునూ గుడ్డ మీద పెట్టి చూడడం, తియ్యడం. కుట్టుమిషన్ ఆపేసి దర్జీ కూడా వంగి చూస్తున్నాడు. ఒక గుండు దగ్గర ఆగింది. దాన్ని ఆ మీగడ మీద పెడితే నిజంగానే ఎక్కడుందో వెతుక్కోవలసి వచ్చింది. "ఇదీ రంగు" అని దాన్ని కొంగున ముడేసుకుంది. మిగతా పప్పు దర్జీ మళ్ళీ పొట్లంలోకి ఎత్తుకున్నాడు.

పలాస ప్రయాణం శుక్రవారం గాని లేదు. ఈలోగా నా ప్రాణం ఆ ముడిలోనే ఉంది. ఏ పరధ్యానంలోనో నోట్లో వేసుకుంటుందేమో, స్నానానికి చీర మార్చుకుంటే పారేసుకుంటుందేమో. "అప్పా, ఉందా?" అని గోడ ఇవతల నుంచి అడిగేదాన్ని. "ఉందే" అని ముడి విప్పి ఎత్తి చూపించేది. మళ్ళీ ముడేసేది. అదే ముడిలో వక్కపలుకులు, అదే చేతిలో చుట్ట. డాక్టరు చుట్ట మానమన్నాడు. మానేశాననే చెప్పేది, చెబుతున్నప్పుడు కూడా చేతిలో ఉండేది.

శుక్రవారం ఆసుపత్రిలో పని అయ్యాక ఆవిడ మొహం పీక్కుపోయి ఉంది. ఇంటికి వెళ్ళిపోదాం అప్పా, మంగళవారం చూద్దాం అన్నాను. "మంగళారం నాటికి నువ్వేటో ఒకటి తలుసుకుని పెళ్ళే మానిపించేత్తావు. నడు" అంది. బజారులో ఒక బట్టల కొట్టుకు వెళ్ళాం. కొట్టాయన ముసుగులు తీసి పరుస్తూ, "ఎవులికమ్మా?" అన్నాడు. "పెళ్ళికూతురికి" అంది ఈవిడ. ఆయన మా వెనకాల ఎవరైనా వస్తున్నారేమోనని చూసి, ఎవరూ లేకపోయేసరికి నా వంక చూశాడు.

ఆయన తప్పేమీ లేదు. ఎందుకంటే అప్పటికే మా తోటికోడలు నన్ను స్టూలు మీద కూర్చోబెట్టి, నా నెత్తిన ఒక ముసుగు వేసింది. మనవరాలికి జ్వరం వల్ల జుట్టు పలచబడితే నాకు వయసు వల్ల పలచబడింది, కాబట్టి కనపడుతుందో లేదో చూడడానికి నా తలే సరిపోతుందని ఆవిడ లెక్క. వేసి, కొట్టులో నిలబడి చూస్తే సరిపోదా? రోడ్డు దాటి అవతల పక్కకు వెళ్ళింది. రక్తం శుభ్రం చేయించుకుని వచ్చిన మనిషి, ఆటోల మధ్య నుంచి. నేను ముసుగులోంచే "అప్పా, లారీ, లారీ" అని అరుస్తున్నాను. అవతల నిలబడి నుదుటికి చెయ్యి అడ్డం పెట్టుకుని చూసి, "తల ఇటు తిప్పే. ఊఁ, కనపడతంది. తియ్యి" అని కేకేసింది. స్టేజీ కింద కుర్చీల్లో కూర్చున్న వాళ్ళకు ఎలా కనపడుతుందో అంత దూరం నుంచే చూడాలట.

కొట్టాయన ఒకటి తీసి మరొకటి వేసేవాడు. ముత్యాల అంచుది వేశాడు, చంకీల అంచుది వేశాడు. అవతల నుంచి "కనపడతంది", "కనపడతంది" అని కేకలు. కొట్టు ముందు జనం ఆగిపోయారు. ఆ సమయంలోనే మా ఊరి ఆటో ఆయన అటు పోతూ బండి ఆపి, తల బయటపెట్టి, "ఏటి పిన్నీ, మావకి సెప్పినావా?" అన్నాడు. నేను ముసుగు మొహం మీదకు లాక్కున్నాను. రోడ్డవతల నుంచి మా తోటికోడలు, "సెప్పనేదు, నువ్వూ సెప్పకు. ముహూర్తం దాటిపోతాది, బేగి కదులు" అంది. ఆ మాట ఊళ్ళో చాలాకాలం తిరిగింది. మా ఆయన ఇప్పటికీ నేను పలాస వెళ్తానంటే, "తిరిగొస్తావా?" అని అడుగుతాడు.

చివరికి రెండు పొరల జార్జెట్టు ఒకటి కుదిరింది. ఒత్తుగా ఉంది, అయినా మూటలా లేదు, భుజాల మీదకు నీళ్ళు జారినట్టు జారింది. రోడ్డవతల నుంచి ఏ కేకా రాలేదు. తరవాత మెల్లగా దాటి వచ్చి, "తల కనపడనేదు" అంది. ఇంక రంగు. అందులో ఆరేడు ఛాయలున్నాయి. ఆవిడ ముడి విప్పి పప్పును ఒక్కొక్క ఛాయ మీదా పెట్టి, ఒక దాని మీద ఉంచేసింది. కొట్టాయన, "ఇది కొద్దిగా పసుపు తిరిగిన రంగమ్మా, పెళ్ళికూతుళ్ళు దీన్ని పట్టుకెళ్ళరు" అన్నాడు. "ఇదుగో మా డ్రెస్" అని పప్పు చూపించింది. ఆయన కళ్ళజోడు పెట్టుకుని పప్పునీ, గుడ్డనీ, మా ఇద్దరినీ చూసి, "డ్రెస్‌కీ ముసుగుకీ సరిపోయింది" అని కోసేశాడు. అంచు కూడా అక్కడే కుట్టించాం. కోసిన గుడ్డ వెనక్కి తీసుకోరు.

పెళ్ళికి ముందురోజు మనవరాలు డ్రెస్ తొడుక్కుంది. ముసుగు వేశాం. డ్రెస్ పాల మీది మీగడ, ముసుగు కాచిన నెయ్యి. రెండూ పక్కపక్కన పెడితే ఏ గుడ్డివాడైనా చెబుతాడు. తల మాత్రం పూర్తిగా కప్పింది. పిల్ల అద్దంలో ఒకసారి ముసుగు వంక, ఒకసారి డ్రెస్ వంక చూసుకుంది.  మా తోటికోడలు ముడి విప్పి పప్పును అరచేతిలో పెట్టుకుంది. డ్రెస్ మీద పెట్టి చూసింది. ముసుగు మీద పెట్టి చూసింది. తరవాత దాన్ని నోట్లో వేసుకుని నమిలేసింది.

"అప్పా, డాక్టరు నీకు జీడిపప్పు వద్దన్నాడు" అన్నాను. నా నోటికి అదే వచ్చింది.

"ఒక్కదానికి ఏటీ అవదు" అంది. "మెత్తబడిపోనాది."

"పెద్దమామ్మా, అందరూ చూస్తారు" అంది మనవరాలు.

"సూడనీ" అంది ఆవిడ.

రిసెప్షన్ కంచిలిలోనే. స్టేజీ మీద లైట్లు పట్టపగల్లా పెట్టారు. నేను మొదటి వరసలో కూర్చుని చేతులు నలుపుకుంటున్నాను. మొదట ఎక్కింది పెళ్ళికొడుకు మేనత్త. అక్షింతలు వేస్తూనే, "ఏటమ్మా, ముసుగు వేరే కొన్నారేటి? రంగు కలవనేదు" అంది. ఇంకొకావిడ, "డ్రెస్ వెలిసిందేటి?" అంది. మూడో ఆవిడ అసలు మీగడ రంగుకు ఏ రంగు ముసుగు వెయ్యాలో చెబుతూ అక్కడే నిలబడిపోతే వెనక వరస ఆగిపోయింది. పిల్ల మొహం బిగుసుకుపోయింది. కింద కుర్చీలో మా తోటికోడలు కాళ్ళు చాపుకుని కూర్చుని, పోయే వాళ్ళనూ వచ్చే వాళ్ళనూ పిలిచి మరీ చెబుతోంది. "అమ్మా, ఆ ముసుగు నానే ఎంచినాను. కళ్ళు పోనాయి నాకు. కలిసిందో నేదో ఎల్లి సూసి సెప్పు" అంటోంది. భోజనాలకు వెళ్ళిపోతున్న వాళ్ళను కూడా వెనక్కి తిప్పి స్టేజీ ఎక్కించింది. ఎక్కిన ప్రతి మనిషీ ఆ రంగు చూడడం, తల అడ్డంగా ఊపడం, ఫోటో దిగడం, దిగి వచ్చి ఈవిడకు కలవలేదని చెప్పడం. ఈవిడ, "అయ్యో, అలగేటి" అనడం.

చాలాసేపటికి నేను గమనించాను, పిల్ల నవ్వుతోంది. ఎవరో రంగు మాట ఎత్తగానే నవ్వు ఆపుకోలేక పెళ్ళికొడుకు భుజం పట్టుకుంది. మెడ నిటారుగా ఉంది. స్టేజీ ఎక్కినప్పటి నుంచి ముసుగును పట్టుకునే ఉన్న చెయ్యి వదిలేసింది. అంతమంది అన్ని మాటలన్నారు, జుట్టు మాట ఒక్కరి నోటా రాలేదు. చూసిన వాళ్ళకు రంగు దగ్గరే చూపు ఆగిపోయింది, దాటి లోపలికి వెళ్ళలేదు.

నాకు ఆ తరవాత ఒక అనుమానం మొదలయింది. పప్పుకు గాలి తగిలినా పొగ తగిలినా రంగు తిరుగుతుందని నాకు చెప్పిందే ఆవిడ. డబ్బా మూత సరిగా పెట్టకపోతే మా కోడళ్ళను ఊరుకునేది కాదు. బల్ల మీద రాశి పోస్తే ఛాయ తేడా ఉన్న ఒక్క గుండును చూపుతోనే పట్టుకునే మనిషి. అలాంటి మనిషి చుట్టపొగలో, వక్కపలుకుల్లో నాలుగు పూటలు పప్పును ముడేసుకుని తిరిగి, దాని రంగు నమ్మి గుడ్డ కొంటుందా? కళ్ళు పోయాయన్నది కూడా ఆ సాయంత్రమే. మర్నాడు పొద్దున్న బియ్యంలో రాళ్ళు ఏరుతూ కూర్చుంది.

అడిగాను. చాలాసార్లే అడిగాను. "అప్పా, తెలిసే చేశావా?" అంటే, "బద్దలకి సెప్పకూడదు" అనేది. పోయిన మంగళవారం ఆసుపత్రి మంచం మీద ఉన్నప్పుడు మళ్ళీ అడిగాను. చేతికి గొట్టాలు పెట్టి ఉన్నాయి, కళ్ళు మూసుకునే ఉంది. "నాను పోనాక ఆలోసించుకో. నీకూ ఏటో ఒక పని ఉండాల కదేటి" అంది. పక్క మంచం మీదున్న ఆయనెవరో నవ్వాడు. నేను ఆవిడ మీద కోప్పడ్డాను, పోతానని అనొద్దని. శుక్రవారం నన్ను తోడు రావద్దంది, కొడుకును తీసుకువెళ్ళింది. కాయలు దింపించుకునే రోజు కదా, ఇంట్లో ఉండమంది.

అందుకని ఆలోచించుకుంటూ ఉన్నాను. ఒక పూట తెలిసే చేసిందనిపిస్తుంది, ఇంకో పూట చుట్టపొగే అనిపిస్తుంది. ఏదైతేనేం, ఆ పిల్ల ఏడవలేదు.

పిల్లకు కబురు చెప్పడం ఆలస్యమయి, కడచూపుకు అందలేదు. ఫోనులో, "మామ్మా, నా జుట్టు భుజాలు దాటింది. పెద్దమామ్మకు చూపిద్దామనుకున్నాను. నువ్వయినా నూనె రాసి జడ వెయ్యాలి" అంది. వేస్తానన్నాను. ఎన్నాళ్ళయిందో జడ వేసి, పాయలు తప్పుతాయేమో, చిక్కు లాగితే నొప్పి పుడుతుందేమో. ఈ చలికి కొబ్బరినూనె సీసాలో గడ్డకట్టి తెల్లగా ఉంది. పొద్దుటి ఎండ గోడకు అవతల పక్కే ముందు పడుతుంది, ఆవిడ వైపు. సీసాను అక్కడ పెట్టాను. కింద నుంచి మెల్లగా కరిగి, లోపల తెల్లటి ముద్ద ఒకటి తేలుతోంది. పిల్ల వచ్చే ఆదివారం వస్తోంది, పొద్దుటి బండికి పలాసలో దిగుతుంది.